'రాజశేఖర చరిత్రము' అనుకరణ మాత్రమే కాదు

సంపాదకులకు,

పందొమ్మిదో శతాబ్దపు స్పెయిన్ వాస్తవికవాద నవలలపై మీ పత్రికలో ప్రచురితమైన వ్యాసం, ఆ కాలపు తెలుగు నవలకు సమాజాన్ని అధిక్షేపించే చూపు లేదనీ, కందుకూరి వీరేశలింగం 'రాజశేఖర చరిత్రము' గోల్డ్‌స్మిత్ ఆంగ్ల నవల 'వికార్ ఆఫ్ వేక్‌ఫీల్డ్'కు అనుకరణ మాత్రమేననీ తేల్చడం న్యాయం కాదు.

వాస్తవికవాదం, అంటే సమకాలీన జీవితాన్ని ఉన్నదున్నట్లు చిత్రించే పద్ధతి, స్పెయిన్‌లో గాల్డోస్ 'దోన్యా పెర్ఫెక్తా' (1876), క్లారిన్ 'లా రెహెంతా' (1884-85) నవలలతో బలపడుతున్న కాలంలోనే, 1878లో 'వివేకవర్ధని' పత్రికలో ధారావాహికగా మొదలైన వీరేశలింగం నవల 1880లో పుస్తకంగా వెలువడింది. కథాసూత్రం గోల్డ్‌స్మిత్ నుంచి వచ్చిన మాట నిజమే అయినా, బంగారం చేసి ఇస్తానని నమ్మించి కథానాయకుడైన రాజశేఖరుని సొత్తు కాజేసే బైరాగి, జ్యోతిషం పట్ల గుడ్డినమ్మకం, ఇంటి నిండా చేరే స్తోత్రపాఠకులు ధవళేశ్వరం పరిసరాల జీవితం నుంచి వచ్చినవే.

పరాయి నవల ప్రేరణే లోపమైతే, 1868లో డికెన్స్ 'పిక్విక్ పేపర్స్'ను స్పానిష్‌లోకి అనువదించి, బాల్జాక్ నుంచి ఎంతో నేర్చుకున్న గాల్డోస్‌కూ అదే తీర్పు వర్తించాలి. 'దోన్యా పెర్ఫెక్తా' హత్యతో ముగియగా తెలుగు నవల సుఖాంతమైందన్న తేడా ఉన్నప్పటికీ, మతం ముసుగులోని వంచనను, దానికి లొంగిపోయే గౌరవనీయ కుటుంబాలను రెండూ నిలదీశాయి. తెలుగు నవల తొలి అడుగును మూలగ్రంథం చదివి అంచనా వేయడం విమర్శకుల కనీస బాధ్యత.

— ఒక తెలుగు పాఠకుడు,
మాండవి, నాందేడ్ జిల్లా, మహారాష్ట్ర