పెంటమ్మ : నిందానామమా, రక్షానామమా?

తెలుగువారి వ్యక్తినామాల ప్రస్తావన వచ్చినప్పుడు పెంటమ్మ అనే పేరుకు దక్కే చోటు సాధారణంగా ఒకే వాక్యం. పుల్లయ్య, పిచ్చయ్య, తవిటమ్మ, కుప్పమ్మ వంటి పేర్ల వరుసలో దాన్ని కూడా చేర్చి, ఇవి నిరక్షరాస్యత వల్లనో మూఢవిశ్వాసం వల్లనో ఏర్పడిన నిందానామాలని చెప్పి, చర్చ దేవతానామాల వైపు మళ్లుతుంది. వేంకటేశ్వరుని పేరు ఎన్ని రూపాల్లో వాడుకలో ఉందో వివరించడానికి పుటలు చాలవు. పెంటమ్మకు మాత్రం ఒక వాక్యం చాలు. ఆ ఒక్క వాక్యం కూడా తప్పే. పెంటమ్మ నిందానామం కాదు. బిడ్డల్ని పోగొట్టుకున్న తల్లి, పుట్టిన బిడ్డను దక్కించుకోవడానికి కట్టిన రక్ష అది. ఈ భేదాన్ని గుర్తించకపోవడం వల్ల తెలుగు నామవిజ్ఞానం ఒక పదాన్ని తప్పుగా వర్గీకరించడమే కాదు, స్త్రీల చరిత్రకు చెందిన ఒక ఆధారాన్ని చేజేతులా పారేసుకుంటున్నది.

ఆచారం, అర్థం

పెంట అంటే చెత్త, పేడ, ఊడ్చి పారబోసినది, ఆ పారబోసినదాని కుప్ప. పెంట, అమ్మ అనే రెండు పదాల కలయికలో అత్వసంధి జరిగి పెంటమ్మ అయింది. రూపసిద్ధిలో చిక్కేమీ లేదు. చిక్కంతా అర్థంలోనే ఉంది. తల్లిదండ్రులు కన్నబిడ్డను పెంట అని ఎందుకు పిలుచుకుంటారు?

సమాధానం పురిటి ఆచారంలో ఉంది. వరుసగా బిడ్డలు పుట్టి పోతున్న ఇంట మళ్లీ బిడ్డ పుట్టినప్పుడు, ఆ శిశువును చేటలోనో విస్తరాకులోనో పడుకోబెట్టి పెంటకుప్ప మీద ఉంచుతారు. మంత్రసానో ఇరుగుపొరుగు స్త్రీయో దొరికిన బిడ్డగా ఎత్తుకుంటుంది. కన్నతల్లి ఆమెకు గుప్పెడు తవుడో చిన్న నాణెమో ఇచ్చి బిడ్డను కొనుక్కుంటుంది. వివరాలు ఊరూరికీ మారినా ఆచారం చట్రం ఇదే. పెంట మీద ఉంచిన బిడ్డ పెంటమ్మ లేదా పెంటయ్య. తవుడు ఇచ్చి తెచ్చుకున్న బిడ్డ తవిటమ్మ లేదా తవుడు. ఎంగిలి విస్తరి అయిన పుల్లాకు పేరు పెట్టుకున్న బిడ్డ పుల్లమ్మ లేదా పుల్లయ్య.

ఈ ఆచారం వెనుక స్పష్టమైన తర్కం ఉంది. మృత్యువు గాని, చెడు దృష్టి గాని, ఆగ్రహించిన దేవత గాని విలువైనదానినే కోరుకుంటుంది. పారేసినదానిని ఎవరూ ఎత్తుకుపోరు. పైగా కొనుక్కున్న బిడ్డ ఆ తల్లి కన్న బిడ్డ కాదు కనుక, ఆ తల్లి కడుపుకు తగిలిన శాపం ఆ బిడ్డకు తగలదు. ఆచారం ఒక్కరోజుతో ముగుస్తుంది. పేరు మాత్రం ప్రతి పిలుపులోనూ ఆ ఆచారాన్ని మళ్లీ జరిపిస్తూ ఉంటుంది. ‘ఇది విలువలేనిది, దీని జోలికి రావద్దు’ అని తల్లి తన బిడ్డకు కాదు, మృత్యువుకు చెబుతున్నది. వినవలసిన శ్రోత ఎవరో గుర్తించని వ్యాఖ్యాతకు అది తిట్టుగా వినిపించడంలో ఆశ్చర్యం లేదు.

ఈ పద్ధతి తెలుగువారికే పరిమితం కాదు. తమిళంలో కుప్పమ్మాళ్, కుప్పుసామి ఉన్నారు. బెంగాలీలో మూడు గవ్వలకు కొన్నట్టుగా తీన్‌కొడి ఉన్నాడు. పంజాబీ, హిందీ ప్రాంతాల్లో నేల మీద ఈడ్చిన బిడ్డగా ఘసీటా, ముక్కు కుట్టి ఆడపిల్లగా మరుగుపరచిన మగబిడ్డగా నత్థూ ఉన్నారు. పంజాబీల వ్యక్తినామాల మీద రిచర్డ్ కార్నాక్ టెంపుల్ 1883లో వెలువరించిన గ్రంథం ఇటువంటి పేర్లను నిందార్థక నామాలుగా వర్గీకరించింది. పరాయి పాలనాధికారి బయటినుంచి చూసి పెట్టిన ఆ శీర్షిక పేరులోని మాటను గుర్తించింది గాని, మాట వెనుక ఉద్దేశాన్ని కాదు. ఆచారం ఇంకా జ్ఞాపకంలో ఉన్న భాషలో పనిచేసే పరిశోధకులు అదే రకం శీర్షికను ఇప్పటికీ మోయడానికి కారణం కనిపించదు.

ఉద్ధరణ పేరిట మరో తిరస్కారం

పెంటమ్మను తక్కువచేసి చూసేవారు ఒక వైపు ఉంటే, ఆ పేరును ఉద్ధరించాలనుకునేవారు మరో వైపు ఉన్నారు. వీరి వాదం సానుభూతితో కూడినదే అయినా ఫలితం భిన్నం కాదు. నల్లమలలో చెంచుల నివాసాలను పెంటలంటారు. ఈగలపెంట, దోమలపెంట వంటి ఊళ్ల పేర్లలోనూ ఆ పదం కనిపిస్తుంది. కనుక పెంటమ్మ అంటే పల్లెకు తల్లి అని ఒక వ్యుత్పత్తి. పెంటి అనే మాటకు ఆడుది అనే అర్థం ఉంది. కనుక పెంటమ్మ అంటే కేవలం ఆడపిల్ల అని మరొక వ్యుత్పత్తి. సేద్యంలో పెంట అంటే ఎరువు. తొలకరికి ముందు పెంట తోలడం వ్యవసాయ పనుల్లో మొదటిది. కనుక పెంటమ్మ అంటే పంటకు మూలమైన తల్లి అని ఇంకొక వ్యుత్పత్తి.

ఈ మూడింటిలో చెప్పిన పదార్థాలు నిజమైనవే. పేరుకు వాటిని అన్వయించడమే నిలవదు. పెంటి శబ్దం నుంచి పెంటమ్మ వచ్చిందనుకుంటే, అదే ధాతువు మీద నిలిచిన పెంటయ్యను ఏమి చేయాలి? మగబిడ్డను ఆడుది అని పిలవడానికి కారణం చెప్పాలి. మృత్యువును ఏమార్చడానికి అలా పిలిచారని సమర్థిస్తే, వాదం తిరిగి రక్షణ ఆచారం దగ్గరికే చేరుతుంది. చెంచుపెంటల నుంచి వచ్చిందనుకుంటే, ఆ పేరు నల్లమలకు ఎంతో దూరంలోని పల్లెల్లో ఎందుకు ఉన్నదో చెప్పాలి. ఎరువు అనే అర్థాన్నే తీసుకుంటే పుల్లాకుకూ తవుడుకూ ఆ గౌరవం ఎలా అంటగట్టాలో చెప్పాలి. ఒక పేరును ఒంటరిగా తీసుకుని వ్యుత్పత్తి చెప్పడం ఎప్పుడూ సులభమే. పెంట, కుప్ప, పుల్లాకు, తవుడు అన్నీ ఒకే వరుసలో నిలిచినప్పుడు వాటి మధ్య సామాన్యధర్మం ఒక్కటే కనిపిస్తుంది. అవి ఇంట్లో విలువలేనివిగా బయటికి పోయేవి, లేదా అతి తక్కువ వెలకు దొరికేవి. ఆచారానికి కావలసింది సరిగ్గా ఆ విలువలేనితనమే. పేరులోంచి మురికిని కడిగేస్తే దాని రక్షణశక్తి కూడా కడుక్కుపోతుంది. తల్లి ఏరికోరి ఎంచుకున్న మాటను చూసి సిగ్గుపడి దానికి మర్యాదైన అర్థాన్ని వెతకడం ఆ తల్లిని గౌరవించడం అనిపించుకోదు.

కులం, పిలుపు

ఇక్కడ గట్టి ఆక్షేపణ ఒకటి ఉంది. దాన్ని దాటవేయడం న్యాయం కాదు. మనుస్మృతి రెండో అధ్యాయంలోని నామకరణ నియమాలు బ్రాహ్మణునికి మంగళకరమైన పేరును, క్షత్రియునికి బలసూచకమైన పేరును, వైశ్యునికి ధనసూచకమైన పేరును విధించి, శూద్రునికి జుగుప్సితమైన పేరు ఉండాలన్నాయి. పెంటమ్మ ఆ జుగుప్సిత విధికి ఉదాహరణే కాదా, దాన్ని రక్షానామం అనడం కులావమానాన్ని కప్పిపుచ్చడం కాదా అన్నది ఆ ఆక్షేపణ.

కులవ్యవస్థ పేర్లను ఆయుధంగా వాడుకున్నదనడంలో సందేహం లేదు. అయితే ఆ ఆయుధం ఎక్కడ ఉన్నదో సరిగా గుర్తించాలి. ఆచారం నుంచి పుట్టిన ఈ వర్గపు పేర్లు ఏ ఒక్క కులానికీ పరిమితం కాలేదు. పుల్లయ్య అనే పేరుతోనే ఇద్దరు దర్శకులు తెలుగు సినిమా తొలి దశాబ్దాల్లో పేరు పొందారు. 1963 నాటి లవకుశ దర్శకుల్లో ఒకరు సి. పుల్లయ్య. 1960 నాటి శ్రీ వేంకటేశ్వర మహాత్మ్యం దర్శకుడు పి. పుల్లయ్య. తెరమీద వారి పేరు చదివిన ప్రేక్షకుడికి ఎంగిలి విస్తరి గుర్తుకు రాలేదు. పేరులోని మాట ఒక్కటే అవమానాన్ని కలిగించేదైతే ఆ పేరు కూడా అవమానంగానే మిగిలి ఉండేది.

పెంటమ్మ విషయంలో అవమానం జరిగింది పేరు పెట్టిన చోట కాదు, పేరు పిలిచిన చోట. తల్లి పెంటమ్మ అని పెట్టుకున్నది. దొర వాకిట్లో, పొలం గట్టున, కూలిలెక్క రాసేచోట ఆమె పెంటి అయింది. తల్లి చేర్చిన ‘అమ్మ’ను తొలగించినప్పుడే పెంట తిట్టుగా మిగిలింది. లచ్చమ్మను లచ్చిగా, మల్లయ్యను మల్లిగాడుగా మార్చిన నోరే పెంటమ్మను పెంటిగా మార్చింది. లచ్చి అన్న పిలుపులో లక్ష్మి ఉన్నంత మాత్రాన ఆ పిలుపు గౌరవమైంది కాదు. మంగళకరమైన పేరును కూడా కులాధికారం అంతే సులువుగా నలిపేసింది. అందువల్ల మనువు చెప్పిన జుగుప్సను తల్లి నామకరణంలో వెతకడం నేరాన్ని బాధితురాలి మీద మోపడమే. పేరును, పిలుపును వేరుచేసి చూడని సామాజిక విశ్లేషణ తన ఉద్దేశానికే ద్రోహం చేసుకుంటుంది.

అక్కరలేని బిడ్డ, దక్కవలసిన బిడ్డ

మరొక గందరగోళం స్త్రీవాద చర్చల్లోకి ప్రవేశించింది. ఆడపిల్ల అక్కరలేదన్న భావానికి నిదర్శనంగా పెంటమ్మను చూపడం జరుగుతున్నది. మరాఠీలో నకుశా అనే పేరుకు అక్కరలేనిది అని అర్థం. మహారాష్ట్రలోని సతారా జిల్లాలో 2011లో అటువంటి పేరున్న 280 మందికి పైగా బాలికలకు అధికారికంగా కొత్త పేర్లు పెట్టారు. నకుశా నిజంగా తిరస్కారనామం. దాని వెనుక ఉన్నది మగబిడ్డ కోసం ఎదురుచూపు. పెంటమ్మ వెనుక ఉన్నది పోయిన బిడ్డల జ్ఞాపకం. నకుశాకు మగజోడు ఉండదు. ఆ పేరు పుట్టిందే మగబిడ్డను కోరుకోవడం వల్ల. పెంటమ్మకు పెంటయ్య ఉన్నాడు. ఆడబిడ్డకూ మగబిడ్డకూ ఒకే ఆచారం, ఒకే భయం, ఒకే పేరు. ఆడబిడ్డ పోతే పోయిందనుకునే ఇల్లు ఆమెను పెంటకుప్ప దాకా మోసుకెళ్లి, వెల ఇచ్చి తిరిగి కొనుక్కోదు. ఆడబిడ్డ బతకాలన్న గాఢమైన కోరికకు పల్లె స్త్రీలు వదిలివెళ్లిన ఆధారం ఈ పేరు. ఆ ఆధారాన్ని ఆడబిడ్డ అక్కరలేదన్న వాదానికి సాక్ష్యంగా నిలబెట్టడం సాక్షి చేత అబద్ధం చెప్పించడమే.

ఈ భయం ఊహాజనితం కాదు. 20వ శతాబ్ది ఆరంభంలో భారతదేశంలో పుట్టిన ప్రతి వేయి మంది శిశువుల్లో దాదాపు 200 మంది ఏడాది నిండకుండానే మరణించారు. 2020 నమూనా నమోదు లెక్కల్లో ఆ సంఖ్య 28. ఈ రెండు అంకెల మధ్య దూరమే పెంటమ్మ అనే పేరు అరుదైపోవడానికి ఒక ముఖ్య కారణం. బడి పట్టికల్లో పేర్లు మారడం, నాగరికమైన పేర్ల మీద మోజు కలగడం తక్కిన కారణాలు. పేరు మాయం కావడంలో సిగ్గు ఒక్కటే కాదు, బిడ్డలు బతకడం కూడా ఉన్నది. ఆ పేరు ఇక అవసరం లేకపోవడం సంతోషించదగిన విషయమే. అది ఎందుకు అవసరమైందో మరచిపోవడం మాత్రం సంతోషించదగినది కాదు.

చేయవలసిన పని

ప్రతి పెంటమ్మా ఆచారం నుంచే రాలేదు. నాయనమ్మ పేరు మనవరాలికి పెట్టే సంప్రదాయంలో పేరు నిలిచి, కారణం చెరిగిపోయి ఉండవచ్చు. కనుక పేరు ఒక్కటే చూసి శిశుమరణాలను ఊహించడం కూడా తొందరపాటే. పేరుతోపాటు ఆమె ఎన్నో సంతానమో, ఆమెకు ముందు ఎవరు పుట్టి పోయారో, పేరు ఎవరు పెట్టారో, ఇంట్లో ఏమని పిలిచారో, బయట ఏమని పిలిచారో నమోదు చేయాలి. కడప జిల్లా ఊళ్ల పేర్ల మీద కేతు విశ్వనాథరెడ్డి పరిశోధన చేసినప్పుడు పల్లెపేరు కూడా విశ్వవిద్యాలయ స్థాయి అధ్యయనానికి తగినదని రుజువైంది. ఊరికి దక్కిన ఆ గౌరవం ఆ ఊరి స్త్రీలకు దక్కడానికి ఇంకా ఏమి అడ్డం?

కాలం తక్కువగా ఉంది. ఈ పేరు మోస్తున్న స్త్రీలు ఇప్పుడు ఎక్కువమంది వృద్ధులు. తమ పుట్టుక కథను తల్లి నోట నేరుగా విన్న చివరి తరం వారిదే. వారితోపాటు ఆ కథ కూడా పోతే పరిశోధకులకు మిగిలేది నిఘంటువులోని పెంట అనే మాట మాత్రమే. అప్పుడు అది నిజంగానే నిందానామంగా స్థిరపడుతుంది. ఆ నింద మాత్రం తల్లులు చేసింది కాదు, వారిని అడగకుండానే వర్గీకరణ పూర్తిచేసిన పాండిత్యం చేసింది అవుతుంది.