ఖాళీ గడిలో యజమాని

చాంద్రాయణగుట్ట దాటి బండ్లగూడ వైపు సాగు రహదారి ప్రక్కను, రేకుల పందిరి క్రింద వరుసగా నిలిపిన పాత కార్లను ఒక కుఱ్ఱవాడు ప్రతి ఉదయమును తడిబట్టతో తుడుచుచుండును. టైర్లకు నల్లని పాలిష్ పూయును. ముందటి అద్దముపై మోడల్ సంవత్సరమును, ‘సింగిల్ ఓనర్’ అను మాటను తెల్లరంగుతో దిద్దును. లోపల దుకాణదారుని బల్ల సొరుగులో రబ్బరు బ్యాండు చుట్టిన కాగితముల కట్టలు కొన్ని ఉండును. ఒక్కొక్క కట్టలో ఒక ఆర్‌సీ, ఒక బీమా పత్రము, ఆధార్ నకలు, ఫారము 29, ఫారము 30. ఫారముల అడుగున అమ్మినవాని సంతకము స్పష్టముగా కలదు. కొనువాని పేరు వ్రాయవలసిన గడి మాత్రము ఖాళీ. తేదీ గడియు ఖాళీయే. పాతబస్తీలోనే కాదు, నగరమంతటను పాత కార్ల వర్తకము చాలవరకు ఈ రెండు ఖాళీ గడుల మీదనే చిరకాలముగా నడచుచున్నది.

ఈ ఏర్పాటును వర్తకుని దురాశకు మాత్రమే అంటగట్టుట న్యాయము కాదు. క్రొత్త కార్లను విక్రయించు డీలరునకు ట్రేడ్ సర్టిఫికెట్టు అనునది ఒకటి కలదు. తన చేతిలోనున్న బండికి తాను యజమాని కాకున్నను, దానిని ఉంచుకొనుటకును అమ్ముటకును చట్టము అతనికి ఒక స్థానము కల్పించినది. పాత కారును కొని అమ్మువానికి 2023 వఱకు అట్టి స్థానమేదియు లేదు. అతడు యజమానియు కాడు, యజమాని నియమించిన ప్రతినిధియు కాడు. తన పేరిట ట్రాన్స్‌ఫర్ చేయించుకొనవలెనన్న రుసుము చెల్లింపవలెను, దినములు వేచియుండవలెను. అన్నింటికంటె ముఖ్యముగా, ఆర్‌సీలో ఒక యజమాని పెరుగును. ‘సింగిల్ ఓనర్’ బండి ‘సెకండ్ ఓనర్’ అగును, బేరములో వెల దిగిపోవును. అందుచేత అతడు రెండు సంతకముల నడుమ అదృశ్యుడై నిలిచిపోవుటకే అలవాటుపడెను. పోలీసుల దృష్టిలో అతడు దలాల్. రవాణా శాఖ దస్త్రములలో అతడు అసలు లేడు.

లేనివాడు చేసిన వర్తకమునకు ఫలితము మాత్రము ఉన్నవారే అనుభవించుచున్నారు. మేమెఱిగిన విశ్రాంతోపాధ్యాయులొకరు తమ చిన్న కారును ఇట్టి యొక దుకాణమున అమ్మివేసిరి. బయానా పుచ్చుకొనిన నాడు ట్రాన్స్‌ఫర్ మాట ఎత్తగా, దుకాణదారుడు టీ తెప్పించి, "మీరు ఫికర్ చేయకుండ్రి సార్, పదిహేను దినాలల్ల అయిపోతది, అంత మేం చూసుకుంటం" అని ఎంతో మర్యాదగా పలికెను. పదిహేను దినములు గడచినవి, పదునెనిమిది మాసములును గడచినవి. తామెన్నడును పోని రహదారులలో మితిమీరిన వేగమునకు, స్టీరింగు సైతము తాము ముట్టని దినములకు, ఈ-చలానులు వారి ఫోనుకు వచ్చుచునేయున్నవి. పెండింగు చలానులకు ప్రభుత్వము 2022 లోను, మరల 2023 చివరను రాయితీలు ప్రకటించినపుడు, తాము చేయని తప్పునకు తగ్గింపు ధరలో జరిమానా కట్టిన పౌరులు ఈ నగరమున ఎందరుందురో ఊహించుకొనవచ్చును.

చలానుతో పోయినది పోయినట్లే, ప్రమాదము జరిగినచో సంగతి వేఱు. మోటారు వాహనముల చట్టము, 1988, రెండవ సెక్షనులోని 30వ నిర్వచనము ప్రకారము ఎవని పేరిట బండి రిజిస్టరైయున్నదో అతడే యజమాని. 2018 ఫిబ్రవరి 6వ తేదీన నవీన్ కుమార్, విజయ్ కుమార్‌ల వ్యాజ్యములో సర్వోన్నత న్యాయస్థానము ఈ నిర్వచనమును అక్షరాలా వర్తింపజేసినది. కారును 2007 లోనే అమ్మివేసితిననియు, అటుపిమ్మట అది మఱికొన్ని చేతులు మారినదనియు మొదటి యజమాని మొఱపెట్టుకొన్నను, 2009 నాటి ప్రమాదమునకు నష్టపరిహారము చెల్లించు బాధ్యత రిజిస్టరులో పేరున్న అతనిదే యని తీర్పు చెప్పినది. ప్రమాదబాధితులు చేతులు మారిన యజమానులను ఒకరి వెనుక ఒకరిని వెదకుకొనుచు తిరుగవలసిన పని లేదన్నది ఆ తీర్పులోని ధర్మము, అది సమంజసమే. కాని దుకాణదారుని మాట నమ్మి టీ త్రాగి ఇంటికి వచ్చిన మన ఉపాధ్యాయునికి ఆ ధర్మము ఎంత ఖరీదైనదో ఆలోచింపుడు. అమ్మినవాడు పదునాలుగు దినములలోను, కొన్నవాడు ముప్పది దినములలోను రిజిస్టరింగు అధికారికి తెలుపవలెనని ఏబదవ సెక్షను చెప్పుచునేయున్నది. తెలుపవలసిన ఫారముననే పేరు లేనపుడు ఎవరు ఎవరికి తెలుపుదురు?

2025 నవంబరు 10వ తేదీ సాయంకాలము ఢిల్లీలో ఎఱ్ఱకోట సమీపమున ఒక హ్యుందాయ్ ఐ20 కారు ప్రేలి పలువురు మరణించిరి. దర్యాప్తు అధికారులు ఆ కారు జాడను వెనుకకు తీసికొనిపోగా, అది పలుమారులు చేతులు మారిన పాత బండి యని తేలినది. అమ్మినవారిని, నడుమనున్నవారిని ఒక్కొక్కరినే పిలిచి ప్రశ్నింపవలసి వచ్చినది. అది జరిగిన పిమ్మట దేశమంతటను పాత కార్ల దుకాణములపై దృష్టి పడినది. ఇట్టి దృష్టి పాతబస్తీపై పడు రీతి వేఱుగా నుండునని మాకు తెలియును. మాదాపురములో గాజుగోడల వెనుక యాప్ కంపెనీ చేయు వర్తకము ‘వ్యవస్థీకృత వ్యాపారము’ అగును. షా అలీ బండాలో మూడు కార్లు పెట్టుకొనిన వాని వర్తకము ‘అనుమానాస్పదము’ అగును. ఈ పక్షపాతమునకు మేము ఏమాత్రమును అంగీకరింపము. అంగీకరింపకపోవుటవలననే పాతబస్తీ వర్తకునికి గుర్తింపు పత్రము తప్పనిసరిగా ఉండవలెనని కోరుచున్నాము. పేరున్నవానిని సులభముగా అనుమానింపలేరు.

ఆ పత్రమునకు చట్టమున దారి ఎప్పుడో ఏర్పడియున్నది. కేంద్ర ప్రభుత్వము 2022 డిసెంబరులో మోటారు వాహనముల నియమావళిని సవరించి, 2023 ఏప్రిల్ 1 నుండి అమలులోనికి తెచ్చినది. పాత వాహనముల వర్తకుడు ఫారము 29ఎ లో దరఖాస్తు చేసికొని, 29బి లో అధికారపత్రము పొందవలెను. అది ఐదేండ్లు చెల్లును. యజమాని తన బండిని అట్టి వర్తకునికి అప్పగించునపుడు 29సి ద్వారా రిజిస్టరింగు అధికారికి తెలుపవలెను. ఆ క్షణము నుండి బండికి భావిత యజమాని వర్తకుడే. దానిపై జరుగు ప్రతి సంఘటనకును ఉత్తరవాది అతడే. అందుకు ప్రతిఫలముగా ఫిట్‌నెస్ పునరుద్ధరణకు, నకలు ఆర్‌సీకి, ఎన్‌ఓసీకి, పేరు మార్పునకు తానే దరఖాస్తు చేయు హక్కు అతనికి లభించును. దుకాణములోని బండిని మరమ్మతునకో, రంగునకో, కొనువానికి నడిపి చూపుటకో తప్ప రోడ్డెక్కింపరాదు. ఎక్కించిన ప్రతి పర్యాయమును ఎలక్ట్రానిక్ పుస్తకములో నమోదు చేయవలెను.

ఇందులో మా దృష్టికి అత్యంత విలువైనది 29సి. ఖాళీ గడిని పూరించునది అదియే. పేరు మార్పు జరుగకమునుపే, యజమానుల సంఖ్య పెరుగకయే, వర్తకుని పేరు దస్త్రమున ఎక్కును. ‘సింగిల్ ఓనర్’ వెల పడిపోవునన్న అతని భయమునకు ఇంతకంటె తెలివైన సమాధానము దొరకదు. ఐనను, ఇటీవల మేము పాతబస్తీలో చూచిన దుకాణములలో ఏ ఒక్క గోడమీదను ఇట్టి అధికారపత్రము మాకు కానరాలేదు. ఖురాను వాక్యములు గల పటములు, క్యాలెండరులు, క్యూఆర్ కోడు అట్టలు ఉన్నవి. ఆ పత్రము లేదు.

లైసెన్సు మాట వినగానే మామూలు మాట జ్ఞప్తికి వచ్చు దేశము మనది. ఇన్‌స్పెక్టరునకు నెలనెలా ఇంకొక దక్షిణ ఏర్పడునని వర్తకులు చెప్పు ఆక్షేపణ కొట్టిపారవేయదగినది కాదు. పాత కారు అమ్ముటయన్నది ఒక్కని జీవనము కాదు: డెంటింగు చేయువాడు, రంగు చల్లువాడు, సీట్లకు కవర్లు కుట్టువాడు, బ్యాటరీ వాడు, కార్పెట్టు ఉతుకువాడు, అందఱికిని అచ్చటనే పని. పురానాపూల్ దరి జుమ్మేరాత్ బజారులో గురువారము నాడు పాత సామానులు పఱచుకొని కూర్చుండువాని పొట్ట కొట్టినట్లు, వీరి పొట్టయు కొట్టరాదు. కాని లైసెన్సు లేనందున మామూలు ఆగినదా? పేరులేని వర్తకుడే మామూలునకు మెత్తని ఆహారము. తాను చట్టముననే లేనివాడు ఏ చట్టమును చూపి ఎదురు మాటాడగలడు? పైగా పన్ను గుంజునపుడు ప్రభుత్వమునకు అతడు బాగుగనే కనబడుచున్నాడు: 2024 డిసెంబరు 21న జైసల్మేరులో సమావేశమైన జీఎస్టీ మండలి, రిజిస్టరైన వర్తకుడు పాత బండిమీద పొందు లాభపు తేడాపై పన్నును అన్ని రకముల వాహనములకును 18 శాతముగా స్థిరపఱచవలెనని నిర్ణయించినది. సొమ్ము లెక్కకు ఉన్నవాడు బాధ్యత లెక్కకును ఉండవలెను. గౌరవము లెక్కకును ఉండవలెను.

జార్జి ఏకర్లాఫ్ అను అమెరికా ఆర్థికవేత్త 1970 లో పాత కార్ల బజారును గూర్చియే ఒక వ్యాసము వ్రాసి, 2001 లో నోబెల్ బహుమతి పంచుకొనెను. బండిలోని లోపము అమ్మువానికి తెలియును, కొనువానికి తెలియదు. కావున కొనువాడు ప్రతి బండిని లోపముగలదిగానే భావించి వెల తగ్గించును. ఆ వెలకు మంచి బండిగలవాడు అమ్మనొల్లడు. తుదకు బజారున చెడ్డ బండ్లే మిగులును. ఇది ఆతని వాదసారము. అచ్చటివారి వాడుకలో చెడ్డ కారునకు నిమ్మకాయ అని పేరు. మనవారు క్రొత్తగా కొన్న బండి నాలుగు చక్రముల క్రింద నాలుగు నిమ్మకాయలుంచి తొక్కించి దిష్టి తీయుదురు. ఏకర్లాఫ్ మహాశయుడు మన దేవాలయముల ముంగిట ఒక శుక్రవారము నిలుచుండిన, తన సిద్ధాంతమునకు ఇంత సూటియైన పరిహారము కలదని ముచ్చటపడియుండెడివాడు. పరిహాసమునకేమి గాని, ఇతర దేశములు నిమ్మకాయలతో ఊరకొనలేదు. జపానులో 1949 నాటి శాసనము ప్రకారము పాత వస్తువుల వర్తకుడు, కార్ల వర్తకునితో సహా, పోలీసు వ్యవస్థ ద్వారా అనుమతి పొందవలసియున్నది. అమెరికాలో 1985 నుండి డీలరు తాను అమ్ము ప్రతి పాత కారు అద్దమునకు, వారంటీ ఉన్నదో లేదో తెలుపు కాగితము అంటింపవలెను. మన దుకాణములలో అద్దముమీది తెల్లరంగు వ్రాతకు సాక్ష్యము ఆ రంగే. మీటరు వెనుకకు త్రిప్పుట ఎంత సులభమో ఈ వర్తకములో అందఱికిని తెలిసినదే. ఖిల్వతులోని చౌమహల్లా ప్రాసాదమున ఆఱవ నిజాము తెప్పింప నాజ్ఞాపించిన రోల్స్ రాయిస్ నేటికిని ప్రదర్శనలో నున్నది. బహుస్వల్ప దూరము మాత్రమే తిరిగిన కారని దానికి ప్రసిద్ధి. ఆ ఒక్క కారు విషయమున తప్ప, తక్కువ కిలోమీటర్లన్న మాటను హైదరాబాదులో ఎవరు చెప్పినను మేము కాగితము చూడక నమ్మము.

కావున రాష్ట్ర రవాణా శాఖ చేయవలసినది స్పష్టము. అధికారపత్రము లేని దుకాణము ద్వారా వచ్చిన పేరు మార్పు దరఖాస్తులను ప్రశ్నింపకుండ పుచ్చుకొను అలవాటును ఒక తేదీ ప్రకటించి మానవలెను. ఆ తేదీ రేపు కారాదు; ఆఱు మాసములు గడువిచ్చి, ఆ ఆఱు మాసములలో అధికారులే దుకాణములకు పోవలెను. టీజీ 12 అంకె మోయు బండ్ల కార్యాలయము బండ్లగూడలోనే యున్నది, మలక్‌పేటలో మఱియొకటి కలదు. ఈ రెండింటను పాత వాహనముల వర్తకులకై ప్రత్యేకమైన కిటికీ తెఱచి, దరఖాస్తును తెలుగునను, ఉర్దూలోను ఇచ్చి, నింపుటకు సాయపడు గుమాస్తా నొకని కూర్చుండబెట్టుట ఖజానాకు భారము కాదు. కేంద్రపు వాహన్ వ్యవస్థలో చేరక స్వంత సమాచార వ్యవస్థతో తెలంగాణము చాలకాలము నడచినది. ఆ కారణమును సాకుగా చూపి 29సి ని మూలబడవేయుట మాత్రము క్షమింపరానిది. మూడు కార్ల వర్తకునికిని మూడువందల కార్ల కంపెనీకిని ఒకే షరతుల పట్టిక పెట్టి, స్థలవైశాల్యము, సీసీ కెమెరాలు అంటూ రాష్ట్రము తన వంతుగా నియమములను పెంచుకొనుచు పోయిన, చిన్నవాడు మరల ఖాళీ గడిలోనికే పోయి దాగును. అడుగవలసినవి కొన్నియే: దుకాణమునకొక స్థిరమైన చిరునామా, దుకాణదారునికొక గుర్తింపు, బండి చేతికి వచ్చిన నాటి మీటరు అంకె, నాటికి మిగిలియున్న చలానుల జాబితా. చివరి రెండును రసీదుమీదనే వ్రాసి ఇరుపక్షముల చేతికిని ఇవ్వవలెను. ఈ నాలుగింటికి మించి అడుగు అధికారి ఎందులకు అడుగుచున్నాడో అతనినే అడుగవలెను.

వర్తకుల సంఘములును తమ పాత్రను మఱువరాదు. సంతకము చేసిన ఖాళీ ఫారమును బల్ల సొరుగులో ఉంచుకొనుట తమకు భద్రత యని వారు భావించుచున్నారు. దొంగబండి ఒకటి అదే సొరుగు గుండ పోయిన నాడు అది భద్రత కాదని తెలియును. అమ్ము పౌరుడును దుకాణదారుని మర్యాదకు లొంగి పేరులేని కాగితముపై సంతకము చేయరాదు. మా ఉపాధ్యాయులు ఇటీవల తమ స్కూటరును అమ్మినపుడు, కొన్న యువకుని వెంటబెట్టుకొని తామే కార్యాలయమునకు పోయి, మధ్యాహ్నము వఱకు బల్లమీద కూర్చుండి, పేరు మార్పు రసీదు చేతబట్టుకొని గాని తాళపుచెవి ఇయ్యలేదు. యువకుడు కొంత విసుగుకొనెనట.

ఈ సంపాదకీయమునకై తిరుగునపుడు, మొదట చెప్పిన ఆ రేకుల పందిరి క్రింద కార్లు తుడుచు కుఱ్ఱవానిని కదిపితిమి. తానును వచ్చే ఏడు రెండు బండ్లతో సొంతముగా మొదలుపెట్టదలచుకొన్నాననియు, దుకాణము నడపు తన అన్నగారివలె దలాల్ అనిపించుకొనుట తనకు ఇష్టము లేదనియు చెప్పెను. అధికారపత్రము సంగతి వివరింపగా శ్రద్ధగా విని, తడిబట్ట పిండి బానెట్టుమీద ఆరవేసి, "అది ఏ కిటికీల ఇస్తరు సార్? ఎన్ని దినాలల్ల ఇస్తరు?" అని అడిగెను. రవాణా కమిషనరుగారు ఈ రెండు ప్రశ్నలకు ప్రత్యుత్తరమును బండ్లగూడ కార్యాలయపు గోడమీద, తెలుగునను ఉర్దూలోను, పెద్ద అక్షరములతో వ్రాయించవలెనని కోరుచున్నాము.