ఏ పది నిమిషాలు?

"సెకండాఫ్‌లో ఓ పది నిమిషాలు ట్రిమ్ చేసుంటే బాగుండేది." తెలుగులో సినిమా రివ్యూలు రాస్తూ ఈ వాక్యం ఒక్కసారి కూడా రాయనివాళ్లుంటే చేతులెత్తండి. నేను ఎత్తలేను. కనీసం మూడుసార్లు రాశాను. ఏ పది నిమిషాలని ఎవరైనా అడిగుంటే నీళ్లు నమిలేవాణ్ని.

సినిమా నచ్చితే 'ఎడిటింగ్ క్రిస్ప్‌గా ఉంది', నచ్చకపోతే 'కత్తెరకి ఇంకాస్త పని చెప్పాల్సింది'. ఎడిటర్ గురించి మన విమర్శకి వచ్చిన మాటలు ఈ రెండే. నిడివి విషయంలో దర్శకుడు, నిర్మాత, హీరో అందరి మాటా చెల్లుతుందని తెలిసీ తిట్లు మాత్రం ఎడిటర్‌కే పార్సిల్ చేస్తాం.

కోటగిరి వెంకటేశ్వరరావు సంగతే చూడండి. 2001లో 'స్టూడెంట్ నెం.1'కీ, 2009లో 'మగధీర'కీ, 2017లో 'బాహుబలి 2'కీ ఎడిటర్ ఆయనే. దర్శకుడు కాకముందు రాజమౌళి ఆయన దగ్గరే ఎడిటింగ్ అప్రెంటిస్. శిష్యుడి విజన్ మీద, ఎలివేషన్ల మీద టన్నులకొద్దీ రాశాం. గురువు మీద ఒక్క మంచి వ్యాసం చూపించండి. అసలు ఆ ఎలివేషన్ పుట్టేదెక్కడ? హీరో అడుగు పడేముందు ఎవరి మొహం మీద ఎంతసేపు ఆగారు, దెబ్బ తగలకముందే కట్ చేశారా, తగిలాకా? అక్కడ కాదూ?

మొన్న వేసవిలో మా నూజివీడు వెళ్లినప్పుడు 'ఈగ' మళ్లీ చూశాను. ఒక చేతిలో చిన్నరసం, ఇంకో చేతిలో రిమోట్. సెట్‌లో సుదీప్ నటించింది లేని ఈగతో. ఖాళీ గాల్లోకి చూసి ఉలిక్కిపడ్డాడు. ఈగ ఆ తర్వాతెప్పుడో గ్రాఫిక్స్‌లో వచ్చి వాలింది. ఆ చూపుకీ, ఈ ఈగకీ లంకె వేసేది కట్టే. చూపు అరసెకను ఎక్కువైతే భయం పోతుంది, తక్కువైతే నవ్వు పోతుంది. ఒక సీన్‌లో షాట్లు లెక్కపెడదామని మూడుసార్లు వెనక్కి వెళ్లాను. మూడుసార్లూ లెక్క తప్పాను, కథ లాక్కుపోయింది. (రిమోట్‌కి రసం అంటించినందుకు మా అమ్మతో తిట్లు కూడా తిన్నాను.)

తీసేసిన ఫుటేజ్ చూడకుండా ఎడిటింగ్ గురించి ఏం రాస్తామంటారు మిత్రులు. కొంత నిజమే. మా కోడ్‌లో అయితే డిలీట్ చేసిన లైను కూడా హిస్టరీలో ఉంటుంది, ఎవరు తీశారో పేరుతో సహా. సినిమాకి ఆ సదుపాయం లేదు. 'బాహుబలి' మొదటి భాగాన్ని కట్టప్ప కత్తిపోటు దగ్గర ఆపాలన్నది స్క్రిప్ట్‌లో తేలిందో, ఎడిటింగ్ రూమ్‌లో తేలిందో బయటివాడు సినిమా చూసి చెప్పలేడు. సరే, మరి దర్శకుడి మనసులోకి తొంగిచూసే 'విజన్' గురించి రాస్తున్నామా? తెరమీద ఉన్నదాన్ని బట్టే కదా!

2022 జూలైలో ఎడిటర్ గౌతంరాజు పోయారు. ఎనిమిది వందలకు పైగా సినిమాలు చేశారని నేను చదివిన ప్రతి నివాళిలోనూ ఉంది. వాటిలో ఫలానా సీన్, ఫలానా కట్ అన్నవాళ్లు ఒక్కరూ కనబడలేదు. లారీలో ఎన్ని కాయలు ఎక్కించారో చెప్పి, రుచి సంగతి వదిలేసినట్టు.

ఇది రాసేముందు నా పాత రివ్యూ ఒకటి తీసి, ఆ సినిమా పెట్టుకుని, నేను కొయ్యమన్న పది నిమిషాల కోసం వెతికాను. నాలుగున్నర దొరికాయి. అదీ పాట.