నాళీకము తుపాకి యగునా?

ధనుర్వేదమును గూర్చి వెలువడుచున్న వ్యాసములలో ఒక తర్కము మాటిమాటికి గానవచ్చుచున్నది. మహాభారతమున నాళీకములు పేర్కొనబడినవి, నాళమనగా గొట్టము, గొట్టమునుండి పేల్చునది తుపాకి, కావున భారతకాలమున తుపాకులు గలవు. దీనికి తోడుగా శతఘ్ని ఫిరంగి యగుచున్నది. విద్యార్థులు ఈ మాటనే పరీక్షాపత్రములందు వ్రాయుచున్నారు. మనము మార్కులు వేయుచున్నాము. ప్రాచ్యకళాశాలలలో పాఠము చెప్పువారు ఈ విషయమున మౌనము వహించుట తగదని నా యభిప్రాయము.

శస్త్రవిచారమున మొదట తెలియవలసినది క్షేప్యక్షేపక భేదము. విడువబడునది క్షేప్యము, విడుచుటకు సాధనమైనది క్షేపకము. అమ్మునకు విల్లు, రాతికి ఒడిసెల, గుండునకు తుపాకి. అగ్నిపురాణము ఆయుధములను యంత్రముక్తము, పాణిముక్తము, ముక్తసంధారితము, అముక్తము, బాహుయుద్ధము అని యైదు తెరగుల విభజించుచు, వింటి చేతను ఒడిసెల చేతను విడువబడువానిని యంత్రముక్తములలో జేర్చినది. మన పూర్వులకు ఈ భేదము స్పష్టముగా దెలియును. మరచినవారము మనమే.

ఇప్పుడు నాళీకమును చూతము. ఉద్యోగపర్వమున విదురుడు వాక్కు కలిగించు గాయమును గూర్చి చెప్పుచు, కర్ణి నాళీక నారాచములను ఒక్క సమాసమున గూర్చి, అవి శరీరమునుండి పెరికివేయదగినవని పలికినాడు. పెరికివేయబడునది శరీరమున నాటినదే కదా. తుపాకి యెవని శరీరమునను నాటదు, నాటునది గుండు. కావున ఇచట నాళీకము క్షేప్యమే కాని క్షేపకము కాదు. దానికి ముందున్న కర్ణి బాణమే, వెనుకనున్న నారాచమును బాణమే. నడుమ నొక్కటి మాత్రము తుపాకి యెట్లగును? నాళమువంటి ఆకృతివలన ఆ పేరు వచ్చినదనుటలో అభ్యంతరము లేదు. గొట్టమువంటి దెల్ల పేలవలెనను నియమము లేదు.

శతఘ్ని మాట మరింత సులభము. రఘువంశము పండ్రెండవ సర్గమున రావణుడు ఇనుపమేకులతో నిండిన శతఘ్నిని రామునిపై విసరును. అది రథమును జేరకముందే రాముడు అర్ధచంద్రముఖములైన బాణములతో దానిని అరటిబోదెను వలె నరకివేయును. ఫిరంగిని ఎవరైన విసరుదురా? మన కోలాచలమువారైన మల్లినాథసూరి దానిని ఇనుపముండ్లు దాపిన దండవిశేషమనియే వ్యాఖ్యానించినారు. కౌటిల్యుడు దానిని చలయంత్రములలో ముద్గరము, గద, త్రిశూలములతో కలిపి చదివినాడు.

మరి ఈ భ్రాంతి ఎక్కడిది? దీని పుట్టుక పాఠశాలలలో గాదు. 1776లో హాల్‌హెడ్ ప్రకటించిన ధర్మశాస్త్రానువాదము సంస్కృతమునుండి పారసీకమునకు, పారసీకమునుండి ఆంగ్లమునకు మారినది. యుద్ధమున వాడరాని ఆయుధములను చెప్పుచోట ఫిరంగులు, తుపాకులు అందు చొరబడినవి. మనువు ఏడవ అధ్యాయమున నిషేధించినది కూటాయుధములను, కర్ణులను, విషదిగ్ధములను, నిప్పుతో మండు ములుకులు గలవానిని. కుల్లూకభట్టు కడపటిదానికి అగ్నిచే మండు అలుగులు గల బాణములనియే అర్థము చెప్పినాడు. తరువాత 1880లో మదరాసు ప్రెసిడెన్సీ కళాశాల సంస్కృతాచార్యుడు గుస్తావ్ ఒప్పెర్టు శుక్రనీతిని, నీతిప్రకాశికను ఆధారముగా గొని ప్రాచీనభారతమున తుపాకిమందు గలదని వాదించినాడు. అప్పటికి అర్థశాస్త్రము వెలుగు చూడలేదు. శామశాస్త్రిగారు దానిని ముద్రించినది 1909లో. అందు అగ్నియోగములు గలవు. పక్షుల తోకలకు వానిని గట్టి శత్రుదుర్గములోనికి విడుచు ఉపాయము గలదు. గొట్టమునుండి గుండును పేల్చు యంత్రము మాత్రము లేదు.

శుక్రనీతిలోని నాళికము నిజముగా తుపాకియే. దానికి గురిచూచుటకు మొదటను చివరను బిందువులు గలవు, యంత్రపు దెబ్బచే నిప్పు పుట్టించు రాయి గలదు. సువర్చిలవణము ఐదుపలములు, గంధకము ఒక పలము, బొగ్గు ఒక పలము అని మందు పాలును గలదు. చెకుముకిరాతి తుపాకి ఐరోపాలోనే పదునేడవ శతాబ్దపు వస్తువు. ఈ గ్రంథము పందొమ్మిదవ శతాబ్దపు రచన యని లల్లన్‌జీ గోపాల్ 1962లో నిరూపింప జూచినారు. అంతవరకు పోనివారు సైతము ఈ భాగము అర్వాచీనమని యొప్పుకొనవలెను. భారతములోని నాళీకము క్షేప్యము, శుక్రనీతిలోని నాళికము క్షేపకము. పేరు పోలినంతమాత్రమున వస్తువు ఒకటి కాదు. మనము దీపావళికి బాణసంచా కాల్చుచున్నాము. అందు బాణశబ్ద మున్నదని రాముడు తారాజువ్వలు విసరినాడందుమా? తుపాకి యను పేరు తురుష్కభాషనుండి వస్తువుతోపాటు మనకు వచ్చినది. ఫిరంగి యను పేరే అది ఎవరిదో చెప్పుచున్నది.

ఇట్లనుట పూర్వుల గౌరవమును తగ్గించుట యని కొందరు నొచ్చుకొందురు. నాకు తోచినంతలో గౌరవము తగ్గునది తుపాకిని అంటగట్టుటవలననే. దాని నీడలో నిజమైన విద్య మరుగుపడుచున్నది. అమరమున బాణమునకు పండ్రెండు పేర్లు వల్లించి ఊరకుందుము. నారాచమునకు ప్రక్ష్వేడనమని, విషము పూసినదానికి దిగ్ధము, లిప్తకమని, విడిచినదానికి నిరస్తమని వేరు పేర్లున్నవి. ఇవి అలంకారములు గావు, శిల్పుల యొక్కయు యోధుల యొక్కయు వ్యవహారము. కౌటిల్యుడు వింటికి తాటి, వెదురు, కఱ్ఱ, కొమ్ము చెప్పి, నారికి చాగ, జిల్లేడు, జనుము, వెదురు, నరము మొదలగునవి చెప్పి, బాణపుములుకు ఇనుము, ఎముక, కఱ్ఱలలో దేనితోనైనను కోయుటకు, గ్రుచ్చుటకు, కొట్టుటకు వేర్వేరుగా నుండవలెనన్నాడు.

సుశ్రుతుడు ఇంకను లోతునకు పోయినాడు. శల్యములన్నిటిలో లోహశల్యమే ముఖ్యము, అది చంపుటకు తగినది గనుక. లోహములలో శరమే ముఖ్యము, అది వారింపరానిది, సన్ననిమొన గలది, దూరమునుండి పనిచేయునది గనుక. ఒక క్షేప్యమును గూర్చి ఇంత సూక్ష్మముగా కారణము చెప్పిన వాక్యము తుపాకుల పుస్తకములందు నేను చూడలేదు. ఆ శరమును కర్ణి యనియు శ్లక్ష్ణమనియు రెండుగా విభజించినాడు. చెవులు గల ములుకు లోనికి పోవును, వెనుకకు రాదు. మనువు దానిని యుద్ధమున ఏల నిషేధించెనో ఇచట తెలియును. దూరము చొరనిదానిని వచ్చిన దారినే తీయవలెను, మిక్కిలి చొచ్చినదానిని ఆవలివైపునకు తీయవలెను. చెవులు లేక, వదులుగా నుండి, గాయపునోరు విశాలమైనచో అయస్కాంతముతో లాగవలెను. ధర్మశాస్త్రము నిషేధించిన బాణమునే వైద్యశాస్త్రము చికిత్సాదృష్టితో వివరించుచున్నది. ఈ రెండు గ్రంథములను ప్రక్కప్రక్కన బెట్టి చదివించు పాఠము మన కళాశాలలలో ఎచ్చటనైన గలదా?

ఆయుధవాచకములకు మల్లినాథుడు, కుల్లూకుడు, డల్హణుడు మొదలగువారు వ్రాసిన అర్థములను చేర్చి ఒక నిఘంటువు కూర్చుట ఇప్పుడు చేయదగిన పని. ప్రతిపదమునకు ఎదుట అది క్షేప్యమో, క్షేపకమో, చేతనుండియే కొట్టునదో వ్రాయవలెను. ఏ గ్రంథమున ఏ యర్థమున వచ్చినదో వేరువేరుగా చూపవలెను. భల్లము, క్షురప్రము, అర్ధచంద్రము, వత్సదంతము, నారాచములతో మొదలిడినచో ఒక్క సంవత్సరమున ఇద్దరు పరిశోధకవిద్యార్థులు సగము పని ముగింపగలరు. నాళీకమునకు మాత్రము రెండు పుటలు విడిచియుంచవలెను.