మనది ఏ ఊరు? కోర్టు ఏమంటుంది?

ఇంట్లో తెలుగు, సుభాష్‌పల్లి వీధిలో బెంగాలీ, బడిలో హిందీ మాట్లాడే మనల్ని "మీదే ఊరు?" అని ఎవరైనా అడిగితే శ్రీకాకుళమనో వరంగల్ అనో చెప్పేస్తాం. మెడికల్ సీటు దగ్గర ఆ జవాబు చాలదు. తెలంగాణలో స్థానిక అభ్యర్థి అనిపించుకోవాలంటే, 2024లో సవరించిన నిబంధన ప్రకారం, తొమ్మిది నుంచి పన్నెండు దాకా నాలుగేళ్ళూ అక్కడే చదివి ఉండాలి. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ ఈ నాలుగేళ్ళ లెక్క 1974 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు నుంచి వచ్చినదే.

ఆ నిబంధన మీద కొందరు విద్యార్థులు హైకోర్టుకు వెళ్ళారు. 2023 ఆగస్టులో తానే ఇచ్చిన తీర్పును అనుసరించి, రాష్ట్రంలో శాశ్వత నివాసులైనవారికి ఈ నిబంధన వర్తించదని 2024 సెప్టెంబరు 5న హైకోర్టు చెప్పింది. ప్రభుత్వం అప్పీలుకు వెళ్ళింది. 2025 సెప్టెంబరు 1న సుప్రీంకోర్టులో ప్రధాన న్యాయమూర్తి బి.ఆర్. గవాయ్, జస్టిస్ కె. వినోద్ చంద్రన్ ఆ తీర్పును కొట్టేసి, నిబంధనను నిలబెట్టారు.

పాత తీర్పును అనుసరించిన హైకోర్టు ఎలా ఓడింది? రాజ్యాంగం 141వ అధికరణం ప్రకారం సుప్రీంకోర్టు చెప్పిన చట్టానికి కింది కోర్టులన్నీ కట్టుబడాలి. హైకోర్టు మాటకు సుప్రీంకోర్టు కట్టుబడనక్కర్లేదు. ఏడు నుంచి పన్నెండు దాకా రాష్ట్రంలోనే చదవాలన్న అస్సాం నిబంధనను సుప్రీంకోర్టు 2018లోనే సమర్థించింది. 2025 తీర్పు ఆ దారిలోనే నడిచింది. అన్నట్టు, హైదరాబాదు హైకోర్టు తీర్పు మన కలకత్తా హైకోర్టును కూడా కట్టిపడెయ్యదు. చదువుతుంది, నచ్చితే తీసుకుంటుంది.

సుప్రీంకోర్టు తన మాటను మార్చుకోవాలంటే ఇంకా పెద్ద ధర్మాసనం కూర్చోవాలి. షెడ్యూల్డ్ కులాల వర్గీకరణపై 2004లో చిన్నయ్య కేసులో ఐదుగురు చెప్పినదాన్ని 2024లో ఏడుగురు కూర్చుని, ఆరుగురు ఒకవైపు, ఒకరు మరోవైపుగా, మార్చారు. మధ్యలో ఇరవై ఏళ్ళు!

ఇలా పాత తీర్పుల వెంట నడవడం మంచిదనే మా అభిప్రాయం. పోయినేడు ఒకరికి ఒకలా, ఈ ఏడు మరొకరికి ఇంకోలా చెబితే, పిల్లల్ని ఎక్కడ చదివించాలో ఏ ఇంట్లోనూ తేల్చుకోలేరు. కానీ పాత కేసులోని పిల్లలూ మనమూ ఒకే స్థితిలో ఉన్నామా అని చూడటం కూడా ఆ పద్ధతిలో భాగమే. కోచింగ్ కోసం కోరి రాష్ట్రం దాటినవాళ్ళు వేరు, నాన్నకో అమ్మకో బదిలీ ఆర్డరు వస్తే సామాన్లు సర్దుకుని ఖరగ్‌పూర్ చేరినవాళ్ళు వేరు. రాష్ట్ర ప్రభుత్వోద్యోగుల పిల్లలకు, ఆ రాష్ట్ర కేడరులోని అఖిల భారత సర్వీసులవారి పిల్లలకు, సైనికుల పిల్లలకు తెలంగాణ మినహాయింపులిచ్చింది. అంటే బదిలీ అనేది సరైన కారణమేనని ఒప్పుకున్నట్టే కదా! మరి సొంత ఊరు అక్కడే ఉన్న లోకో పైలట్ కూతురు ఏం తప్పు చేసింది? ఆ జాబితాలో రైల్వే పేరు కూడా రాయాలి. నిబంధన రాసేది ప్రభుత్వమే కాబట్టి ముందు అడగాల్సింది ప్రభుత్వాన్నే. కోర్టు మాట తర్వాత.

ఈలోగా ఎనిమిదో తరగతిలో ఉన్నవాళ్ళు ఇంట్లో ఈ సంగతి ఎత్తండి. ప్రతి బదిలీ ఆర్డరు, ప్రతి స్టడీ సర్టిఫికెట్ ఒక ఫైల్లో పెట్టించండి.