పడిపోయిన చెట్టుని పడి ఉండనిద్దాం

గేములాడే వాళ్ళకి కొత్తగా చెప్పక్కర్లేదు. కల్పిత లోకం ఏదైనా సరే, అందులో ఓ చీకటి గుహ, ఆ గుహలో వెలిగే పుట్టగొడుగులు ఉండి తీరాల్సిందే. 2011లో వచ్చిన స్కైరిమ్‌లో బ్లాక్‌రీచ్ అని భూమి అడుగున పెద్ద గుహ ఉంటుంది, నిండా వెలిగే పుట్టగొడుగులే. మైన్‌క్రాఫ్ట్‌లో 2020 నుంచి ష్రూమ్‌లైట్ అనే దిమ్మ ఉంది. నెదర్ అనే పాతాళంలో మొలిచే రాక్షస శిలీంధ్రాల నుంచి దాన్ని కొట్టుకొచ్చి ఇంట్లో దీపంలా పెట్టుకోవచ్చు.

ఊహ బాగానే ఉంది. నాకు నచ్చనిది ఒక్కటే. ఆ లోకాల్లో వెలుగు అంటే బొగ్గులాగా, బంగారంలాగా ఓ సరుకు. తవ్వాలి, సంచిలో వేసుకోవాలి, అమ్ముకోవాలి. అది దేన్ని తిని బతుకుతోంది అని ఎవరూ అడగరు.

అసలు సంగతి ఇంకా బాగుంటుంది. 1667లో రాబర్ట్ బాయిల్ మెరుస్తున్న పుచ్చుకట్టె ముక్కని గాజు పాత్రలో పెట్టి గాలి లాగేశాడు. వెలుగు పోయింది. గాలి మళ్ళీ వదిలాడు. వెలుగు వచ్చింది! అప్పటికి ఆక్సిజన్ అనే పేరే పుట్టలేదు. ఆ వెలుగు కట్టెది కాదని, కట్టెని తింటున్న శిలీంధ్రానిదని గట్టిగా తేలింది 19వ శతాబ్దంలో. అంటే అది సంచిలో వేసుకునే సరుకు కాదు, ఓ ప్రాణి ఊపిరి.

ఇలా వెలిగే జాతులు ప్రపంచంలో వందకు పైగా తెలుసు. మన దేశంలో మేఘాలయలో దొరికిన ఒకదానికి 2020లో రోరిడోమైసెస్ ఫిలోస్టాకిడిస్ అని పేరు పెట్టారు. అది ఎండిపోయిన వెదురు మీద పెరుగుతుంది, కాడ మాత్రమే ఆకుపచ్చగా వెలుగుతుంది. అక్కడి ఊళ్ళవాళ్ళకి అది ముందే తెలుసు. రాత్రి అడవిలో నడిచేటప్పుడు ఆ వెదురు ముక్కలే వాళ్ళ టార్చిలైట్లు. 2024లో అమెరికాలో 29 డాలర్లకి అమ్మకానికి పెట్టిన వెలిగే పెట్యూనియా మొక్క ఉంది చూశారూ, దాని జన్యువులు కూడా ఇలాంటి ఓ అడవి పుట్టగొడుగు నుంచి తీసినవే.

ఇంతకీ మన వరంగల్‌కి దీనితో ఏం పని అంటారా? ఉంది.

వెలిగేవి సరే, మనం తినేవాటి సంగతి చూడండి. తొలకరి వానలు పడగానే అడవి పక్క ఊళ్ళ నుంచి వచ్చే పుట్టకొక్కుల కోసం మనవాళ్ళు ఎంత ధరైనా పెడతారు. చెదలు ఎండుకట్టె, రాలిన ఆకులు మోసుకొచ్చి పుట్టలో శిలీంధ్రాన్ని సాగు చేసుకుంటాయి. దాని మీద మొలిచేదే మన కొక్కు. చెదపురుగు లేకుండా దాన్ని షెడ్డులో పండించడం కుదర్లేదు. ‘పుట్టగొడుగు’ అన్న మాటలోనే దాని ఇంటి అడ్రసు ఉంది కదండీ! ఎండుకట్టె లేకపోతే చెదలు లేవు, చెదలు లేకపోతే కూర లేదు.

ఇప్పుడు అసలు విషయానికొస్తా. 2024 ఆగస్టు 31న ములుగు జిల్లాలో, అంటే మన పాత వరంగల్ జిల్లాలోనే, తాడ్వాయి-మేడారం అడవిలో సుడిగాలికి వేలకి వేలు చెట్లు కూలిపోయాయి. సుమారు 50 వేలని అధికారుల ప్రాథమిక అంచనా. ఇలాంటివి చూడగానే మనలో చాలామందికి వచ్చే మొదటి ఆలోచన "అయ్యో, అంత కలప వేస్టయిపోతోందే, ఎత్తి అమ్మెయ్యొచ్చుగా" అని. నా అభిప్రాయం దీనికి పూర్తిగా వ్యతిరేకం.

మన జావా భాషలో చెప్పుకుందాం. చెట్టు కట్టుకున్న ఆబ్జెక్టుల్ని విప్పి మెమరీని మట్టికి తిరిగిచ్చే గార్బేజ్ కలెక్టరే శిలీంధ్రం. కట్టెకి గట్టితనం ఇచ్చే లిగ్నిన్‌ని సరిగ్గా విరగ్గొట్టగలిగేది ప్రధానంగా ఈ జాతే. పడిన మానుని లారీ ఎక్కించామంటే, యాభై ఏళ్ళు ఆ మట్టిలోంచి అది తీసుకున్నదంతా కూడా లారీ ఎక్కినట్టే.

రోడ్డు మీద పడ్డవి తియ్యద్దా? తియ్యాలి. ఊళ్ళ అంచున ఎండి నిప్పంటుకునే ప్రమాదం ఉన్నవీ తియ్యాలి. గూడెంలో వాళ్ళ పొయ్యిలోకి కావలసిన పుల్లలూ ఏరుకోనివ్వాలి. లోపల అడవిలో పడ్డ మానుల్ని మాత్రం అక్కడే ఉండనివ్వాలి. అవి చచ్చిపోయిన చెట్లు కావు, నడుస్తున్న వంటిళ్ళు.

తాడ్వాయిలో రేపో మాపో పుట్టగొడుగులు వెలుగుతాయని నేననడం లేదు. వెలిగినా, వెలగకపోయినా అవి చేసే పని ఒకటే. కానీ అలాంటి వింత ఎక్కడైనా పుట్టాలంటే కావలసినవి మూడు: తడి, చీకటి, ఎవరూ ఎత్తుకెళ్ళని పుచ్చుకట్టె. మొదటిది వాన ఇస్తుంది. మిగతా రెండూ మన చేతిలో ఉన్నాయి. లక్నవరం, బొగత అని వీకెండుకి హైదరాబాదు నుంచి కార్లేసుకెళ్ళేది మనమే. అడవిలో హైబీమ్ లైట్లు కొట్టేదీ, "ఇక్కడ ఇంత చెత్తేంటి" అని పడిన కొమ్మల్ని చూసి విసుక్కునేదీ మనమే.

స్క్రీన్ మీద వెలిగే పుట్టగొడుగు కోసం రాత్రి రెండింటిదాకా గుహలు తవ్వే ఓపిక మనకుంది. అసలైన దాని కోసం మనం చెయ్యాల్సింది ఏమీ చెయ్యకుండా ఉండటమే. అంతకంటే తేలికైన టాస్కు ఏ మేనేజరిస్తాడు చెప్పండి? :)