ప్రహ్లాదుని గొంతు ఎవరిది?

పువ్వు పుట్టగానే పరిమళిస్తుందని మన సామెత. బాలనటుల విషయంలో ఈ సామెతను మనం సగమే వాడుకుంటున్నాం. పరిమళించిన పువ్వు సాయంత్రానికి ఏమవుతుందో అడిగేవారు లేరు. వెండితెర మీద బాలనటుని ఆయుర్దాయం సాధారణంగా ఐదారేళ్ళకు మించదు. ఆ తరువాత కొందరు చదువులకు మరలిపోయారు, కొందరు చిన్నవేషాలతో సరిపెట్టుకున్నారు, మరికొందరు తెరవెనుక గొంతులుగా మిగిలారు. ఆ గొంతులకు మనం ఋణపడి ఉన్నామన్నదే ఈ టపాలో నేను చెప్పదలచిన మాట.

చిత్రమేమంటే, తెలుగు టాకీ పలుకు నేర్చినదే ఒక పిల్లవాని కథతో. 1932లో హెచ్.ఎం.రెడ్డి గారి దర్శకత్వంలో వచ్చిన 'భక్త ప్రహ్లాద'లో హిరణ్యకశిపుడు మునిపల్లె సుబ్బయ్య గారు, లీలావతి సురభి కమలాబాయి గారు, ప్రహ్లాదుడు మాస్టర్ కృష్ణారావు. నాటికి నేపథ్యగానం లేదు. వేషం కట్టినవారే మాట్లాడాలి, పద్యం వారే ఎత్తుకోవాలి. కనుక ముఖమూ గొంతూ ఒకే బాలునివి. నేడు ఆయన పేరు వినబడేది దాదాపు ఆ ఒక్క సందర్భంలోనే.

1963 నాటి 'లవకుశ'కు వచ్చేసరికి పరిస్థితి వేరు. మాస్టర్ నాగరాజు, మాస్టర్ సుబ్రహ్మణ్యం లవకుశులుగా తెరమీద నిలిచారు. వారికోసం పాడినవారు లీల, సుశీల గార్లు. ఇందులో నాకు ఆక్షేపణ లేదు. ఆ పాటలు ఆ ఇద్దరు విదుషీమణుల గళాలనుండి వచ్చాయి కనుకనే ఇంతకాలం నిలిచాయి. అయితే ముఖం ఒకరిది, గళం ఒకరిది అన్న పద్ధతి జనానికి ఎంత సహజమైపోయిందో దీనివల్ల తెలుస్తుంది. 2020లో హైదరాబాదులో నాగరాజు గారు కన్నుమూసినప్పుడు కూడా లోకం ఆయనను లవుడుగానే తలచుకుంది. యాభైయేడేళ్ళ జీవితం ఆ ఒక్క బాల్యం వెనుక మరుగుపడింది.

ఇక 1967లో ఏ.వి.ఎం. వారి 'భక్త ప్రహ్లాద'. ఎస్.వి.రంగారావు గారి హిరణ్యకశిపుని ఎదుట బెదరక నిలిచిన ఆ పసివాడు నిజానికి బాలిక, రోజారమణి. అక్కడా పాట సుశీల గారిదే. ఆమె పెరిగి పెద్దదై 1972లో మలయాళ 'చెంబరత్తి'లోనూ, ఆపై తెలుగు చిత్రాలలోనూ కథానాయిక అయ్యారు. కథానాయికగా వెలుగు తగ్గిన పిమ్మట డబ్బింగు కళాకారిణిగా వందల చిత్రాలకు గాత్రదానం చేశారు. బాల్యంలో పరగళంతో పాడిన పాత్రధారిణి, ప్రౌఢవయసులో పరుల ముఖాలకు తానే గళమయ్యారు! ఎందరు కథానాయికల కన్నీళ్ళకు ఆమె ఉచ్ఛ్వాసనిశ్వాసాలు తోడయ్యాయో మనలో ఎందరం గమనించాం? రోజారమణి అనగానే మన నాలుక మీదికి వచ్చేది ప్రహ్లాదుడే. ఆమె కుమారుడు తరుణ్ కూడా బాలనటుడే. 'అంజలి' చిత్రానికి శ్యామిలి, శ్రుతిలతో కలిసి జాతీయ పురస్కారం పొందాడు.

రోజారమణి గారిది అదృష్టవంతుల కథ. గొంతు ఆమెకు రెండవ జన్మ ఇచ్చింది. మగపిల్లలకు ఆ అవకాశమూ అంతంతమాత్రమే. పన్నెండు పద్నాలుగేళ్ళ నడుమ స్వరపేటిక పెరిగి గొంతు మారుతుంది. నారాయణగూడలో తెలుగు బోధించినంతకాలం ఏటా ఈ వింత చూశాను. ఏడవ తరగతిలో వార్షికోత్సవానికి పద్యం ఎత్తుకుంటే సభ నిశ్శబ్దమయ్యే పిల్లవాడు, ఎనిమిదిలో నోరు విప్పడానికి సిగ్గుపడేవాడు. మరుసటి ఏడు వేదిక మీద వేరొకడు. మా బడిలో పోయింది ఒక పద్యమే. అదే గొంతు మీద ఇంటి ఆశలు నిలిపిన పిల్లవాని సంగతి?

ఈ కారణం వల్లనే, పిల్లలు గంటల తరబడి మైకు ముందు నిలువలేరన్న కారణం వల్లనూ, డబ్బింగు చిత్రాలలో బాలపాత్రలకు తరచుగా పెద్దవయసు స్త్రీలే గొంతు మార్చి పలుకుతారు. వారి నైపుణ్యానికి నమస్కారం. కాని భాషోపాధ్యాయునిగా నాకొక బాధ ఉంది. పదేళ్ళ పాత్రకు మూడేళ్ళ ముద్దుపలుకులు అతికిస్తున్నారు. పదేళ్ళ పిల్లవాడు, నేర్పేవారుంటే, ణకార ళకారాలను స్ఫుటంగా పలుకుతాడు, తర్కిస్తాడు, ఎదిరిస్తాడు. ప్రహ్లాదుడు చేసినది అదే కదా! నత్తిమాటల ప్రహ్లాదుడిని ఊహించగలమా?

"అయితే మాష్టారూ, పసివాళ్ళను స్టూడియోలకు తరిమికొట్టమంటారా?" అని చిక్కడపల్లి త్యాగరాయ గానసభ మెట్ల దగ్గర ఒక మిత్రుడు నన్ను నిలదీశాడు. న్యాయమైన ప్రశ్నే. దీనికి సమాధానం కొంత చట్టంలోనే ఉంది. 2016లో బాలకార్మిక చట్టాన్ని సవరించి, 2017లో నియమావళి వెలువరించారు. దాని ప్రకారం బాలకళాకారుని చేత రోజుకు ఐదు గంటలకు మించి పని చేయించరాదు. విశ్రాంతి లేకుండా మూడు గంటలు దాటరాదు. వరుసగా ఇరవైయేడు రోజులకు మించి పని ఉండరాదు. సంపాదనలో కనీసం ఇరవై శాతం ఆ బిడ్డ పేరనే జాతీయ బ్యాంకులో ఫిక్సెడ్ డిపాజిట్ చేయాలి. అమెరికాలో చాప్లిన్ 'ది కిడ్' (1921) బాలుడు జాకీ కూగన్ పెద్దయ్యాక తన సంపాదన తనకు మిగలలేదని తల్లి మీద, మారుతండ్రి మీద వ్యాజ్యం వేయవలసి వచ్చింది. ఫలితంగా 1939లో కాలిఫోర్నియాలో అతని పేరనే చట్టం వచ్చింది. ఫ్రాన్సులో బాలనటుల ఆదాయంలో అధికభాగాన్ని యుక్తవయసు వచ్చేదాకా ప్రభుత్వ నిక్షేపసంస్థలో భద్రపరుస్తారు. మన ఇరవై శాతం వీటితో పోలిస్తే మరీ తక్కువ కాదు, అలాగని ఎక్కువా కాదు. అది అమలు జరుగుతున్నదా లేదా అని అడగడం తల్లిదండ్రుల ధర్మం.

అయితే చట్టం కాపాడేది సొమ్మును; పేరును కాదు. ఫలానా పాత్రకు గొంతు ఇచ్చినది ఫలానా చిరంజీవి అని తెరమీద వేయడానికి అయ్యే ఖర్చెంత? ఒక్క పంక్తి. నంది పురస్కారాలలో డబ్బింగు కళాకారులకు స్థానముండేది. జాతీయ పురస్కారాలలో కథాచిత్రాల డబ్బింగు గొంతుకు నేటికీ ప్రత్యేక విభాగం లేదు. బాలనటునికి పురస్కారమిచ్చే దేశం బాలగాత్రాన్ని గుర్తించకపోవడం ఏమి న్యాయం?

మా అశోక్‌నగర్‌లో పోటీపరీక్షలకు చదివే యువతీయువకులు రాత్రింబవళ్ళు కనిపిస్తారు. వారికి రెండవ ప్రయత్నం ఉంటుంది, మూడవదీ ఉంటుంది. బాలనటునికి బాల్యం రెండుమార్లు రాదు. కనుక బిడ్డను మైకు ముందు నిలబెట్టే తల్లిదండ్రులకు నా మనవి ఒక్కటే. ఈ పని కొద్దికాలమేనని మొదటినాడే బిడ్డకు చెప్పండి, బడి మాన్పించకండి, గొంతు మారిన నాడు దానిని ఓటమిగా తలచుకోనీయకండి. నిర్మాతలకు మనవి ఇంకా చిన్నది: పేరు వేయండి.

చదువరులలో ఎవరికైనా ఏ బాలపాత్ర వెనుకనైనా ఉన్న గొంతు పేరు తెలిసి ఉంటే, బహిరంగంగా చెప్పుకోదగినదైతే, వ్యాఖ్యలో తెలుపగలరు. తెరమీద పడని పేర్లు కనీసం మన మాటలలోనైనా నిలుస్తాయి.